1951 శాన్‌ఫ్రాన్సిస్కో డాన్స్: ఒక్క మ్యాచ్ కూడా ఓడని జట్టుకు పిలుపు ఎందుకు రాలేదు? తరచుగా అడిగే ప్రశ్నలు

అసలు ఏ జట్టు గురించి ఈ పేజీ?

యూనివర్సిటీ ఆఫ్ శాన్‌ఫ్రాన్సిస్కో 1951లో ఆడించిన అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు గురించి. స్పానిష్ పెద్దమనుషులను పిలిచే ‘డాన్’ నుంచి వచ్చిన పేరు కాబట్టి ఆ కాలేజీ జట్లన్నిటినీ ‘డాన్స్’ అంటారు. ఇక్కడ గందరగోళం లేకుండా యూఎస్‌ఎఫ్ అని రాస్తున్నాను. 1855లో జెసూట్ ఫాదర్లు మొదలుపెట్టిన క్యాథలిక్ విద్యాసంస్థ ఇది. అప్పట్లో చాలా చిన్నది. పక్కనే ఉన్న బర్క్‌లీ, స్టాన్‌ఫర్డ్‌ల ముందు దాని డబ్బు గానీ పలుకుబడి గానీ లెక్కలోకి వచ్చేవి కావు. అలాంటి కాలేజీ ఆ ఏడాది తొమ్మిది మ్యాచ్‌లు ఆడి తొమ్మిదీ గెలిచింది. ఆ సీజన్ ముగిశాక ఫుట్‌బాల్ జట్టునే ఎత్తేసింది. ఈ రెంటికీ మధ్య ఏం జరిగిందన్నదే అసలు కథ.

నాకు అమెరికన్ ఫుట్‌బాల్ అస్సలు తెలియదు. అయినా అర్థమవుతుందా?

అవుతుంది. కోడిగుడ్డు ఆకారపు బంతిని చేత్తో పట్టుకుని పరుగెత్తి, లేదా విసిరి, అవతలి గీత దాటించాలి. పది గజాలు ముందుకు వెళ్లడానికి నాలుగు అవకాశాలు ఉంటాయి. పది గజాలు వస్తే మళ్లీ నాలుగు ఇస్తారు, రాకపోతే బంతి ఎదుటివాళ్లకు పోతుంది. కబడ్డీలోలాగే ఇదీ గీత కోసం, నేల కోసం జరిగే పోరు. అవతలి చివర దాకా బంతిని చేరిస్తే టచ్‌డౌన్, దానికి 6 పాయింట్లు. ఆ తర్వాత కిక్‌కు 1, విడిగా కొట్టే ఫీల్డ్ గోల్‌కు 3. బంతి చేతిలో ఉన్నవాణ్ని అతని సొంత గీత వెనకే పడగొడితే పడగొట్టిన జట్టుకు 2 పాయింట్లు. దీన్ని సేఫ్టీ అంటారు. కింద 39–2, 20–2 లాంటి స్కోర్లు కనిపించినప్పుడు ఈ రూల్ గుర్తుంచుకోండి.

ఆ సీజన్‌లో ఎవరెవరితో ఆడారు?

సెప్టెంబరులో శాన్‌హోసే స్టేట్ మీద 39–2తో మొదలైంది. తర్వాత ఐడహో మీద 28–7. క్యాంప్ పెండిల్టన్ మెరైన్ల జట్టుకు ఒక్క పాయింట్ కూడా ఇవ్వకుండా 26–0. కొరియా యుద్ధం నడుస్తున్న రోజులవి, సైనిక శిబిరాల జట్లు కాలేజీలతో ఆడటం అప్పుడు మామూలే. శాన్‌హోసే స్టేట్‌తోనే రెండోసారి ఆడి 42–7తో గెలిచారు.

ఐదో మ్యాచ్ న్యూయార్క్‌లో ఫోర్డమ్‌తో. ఇది కాస్త ఆగి చెప్పుకోవాల్సిన మ్యాచ్. దేశంలోని పెద్ద పత్రికల స్పోర్ట్స్ రచయితల్లో చాలామంది తూర్పు తీరంలోనే ఉండేవారు. పడమటి తీరపు చిన్న కాలేజీ ఎంత బాగా ఆడినా వాళ్ల కళ్లతో చూస్తే తప్ప నమ్మేవారు కాదు. 32–26తో గెలిచిన ఆ మ్యాచ్ సీజన్ మొత్తంలో యూఎస్‌ఎఫ్‌కు నిజంగా టెన్షన్ పెట్టిన ఒకే ఒక్కటి. ఫోర్డమ్ ఆటగాళ్లు కిక్ చేసిన బంతిని ఆలీ మాట్సన్ తన గీత దగ్గర అందుకుని మైదానం పొడవునా పరుగెత్తి టచ్‌డౌన్ చేశాడు. అదే మ్యాచ్‌లో రెండోసారీ అదే పని చేశాడు. ఒక ఆటగాడు సీజన్ మొత్తంలో ఒక్కసారి చేస్తే గొప్పగా చెప్పుకునే విషయం అది.

తర్వాత శాన్‌డియాగో నేవీ మీద 26–7, శాంటాక్లారా మీద 26–7. నవంబరులో స్టాక్‌టన్ వెళ్లి కాలేజ్ ఆఫ్ ది పసిఫిక్‌ను 47–14తో చిత్తు చేశారు. చివరిగా లాస్ ఏంజెలస్ లొయోలా మీద 20–2. ఏపీ వార్తాసంస్థ ఇచ్చే తుది ర్యాంకుల జాబితాలో దేశంలో 14వ స్థానం దక్కింది.

ఆలీ మాట్సన్ నిజంగా అంత గొప్పవాడా?

అంకెలే చెబుతాయి. ఆ ఏడాది 1,566 గజాలు పరుగెత్తాడు. దేశంలో అదే అత్యధికం. తొమ్మిది మ్యాచ్‌లకు పంచితే సగటున మ్యాచ్‌కు 174 గజాలు. 21 టచ్‌డౌన్లు చేశాడు. పైగా బంతి ఎదుటివాళ్ల చేతిలో ఉన్నప్పుడు కూడా మైదానంలోనే ఉండి డిఫెన్స్ ఆడేవాడు. దాడికీ రక్షణకూ వేర్వేరు ఆటగాళ్లను దించడం అప్పటికి పెద్ద కాలేజీల్లో అలవాటైపోయింది. మాట్సన్ మాత్రం రెండు పనులూ చేశాడు.

అయినా ఉత్తమ కాలేజీ ఆటగాడికి ఇచ్చే హైస్మన్ ట్రోఫీ ఓటింగ్‌లో తొమ్మిదో స్థానంతో సరిపెట్టుకోవాల్సి వచ్చింది. ట్రోఫీ ప్రిన్స్‌టన్‌కు చెందిన డిక్ కాజ్‌మేయర్‌కు వెళ్లింది. కాజ్‌మేయర్ మంచి ఆటగాడే, అందులో సందేహం లేదు. కానీ దేశంలో అందరికంటే ఎక్కువ పరుగెత్తినవాడు తొమ్మిదో స్థానంలో నిలవడం మీద నాకు ఇప్పటికీ అభ్యంతరం ఉంది.

మాట్సన్ ఒక్కడి మీదే నడిచిన జట్టా?

కాదు. జీనో మార్చెట్టి ఇటాలియన్ వలస కుటుంబంలో పుట్టి, రెండో ప్రపంచ యుద్ధంలో బల్జ్ యుద్ధరంగంలో మెషిన్‌గన్ పట్టి, తిరిగొచ్చాక కాలేజీలో చేరినవాడు. బాబ్ సెయింట్ క్లెయిర్ ఆరడుగుల తొమ్మిది అంగుళాల మనిషి. దాడిని నడిపించే క్వార్టర్‌బ్యాక్ ఎడ్ బ్రౌన్ తర్వాత షికాగో బేర్స్ అనే ప్రొఫెషనల్ జట్టుకు ఆడాడు. మెంఫిస్ నుంచి వచ్చిన బర్ల్ టోలర్ లైన్‌బ్యాకర్. ఎదుటివాళ్ల దాడిని మధ్యలోనే ఆపేవాడు. మాట్సన్, టోలర్ అంతకుముందు సిటీ కాలేజ్ ఆఫ్ శాన్‌ఫ్రాన్సిస్కోలోనూ కలిసి ఆడారు. ఈ జట్టులో నల్లజాతివాళ్లు వాళ్లిద్దరే.

కోచ్ జో కుహారిచ్. చాలా కఠినమైన మనిషి అని పేరు. నాలుగో ఏడాదికి జట్టును ఈ స్థాయికి తెచ్చాడు.

బౌల్ గేమ్ అంటే ఏమిటి? దానికి అంత ప్రాముఖ్యం ఎందుకు?

సీజన్ ముగిశాక కొత్త సంవత్సరం చుట్టుపక్కల జరిగే ప్రత్యేక మ్యాచ్‌లివి. అప్పట్లో అర్హత పోటీలంటూ ఉండేవి కావు. ఒక్కో ఊళ్లో ఒక్కో కమిటీ కూర్చుని తనకు నచ్చిన జట్లను పిలిచేది. పసడీనాలో జరిగే రోజ్ బౌల్‌కు మాత్రం ముందే ఒప్పందం ఉండేది: రెండు కాన్ఫరెన్స్‌ల నుంచి, అంటే తమలో తాము ఆడుకునే కాలేజీల కూటముల నుంచి, ఒక్కో జట్టు. బిగ్ టెన్ నుంచి ఒకరు, పసిఫిక్ కోస్ట్ కాన్ఫరెన్స్ నుంచి ఒకరు. ఏ కాన్ఫరెన్స్‌లోనూ లేని యూఎస్‌ఎఫ్‌కు ఆ తలుపు మూసే ఉంది. మిగిలిన పెద్ద బౌల్స్ అన్నీ దక్షిణాదివి. మయామిలో ఆరెంజ్, న్యూ ఆర్లియన్స్‌లో షుగర్, డల్లాస్‌లో కాటన్, జాక్సన్‌విల్‌లో గేటర్.

బౌల్‌కు వెళ్తే పేరుతో పాటు డబ్బూ వస్తుంది. యూఎస్‌ఎఫ్ ఫుట్‌బాల్ అప్పుల్లో నడుస్తోంది. ఒక్క బౌల్ ఆడితే ఆ లోటు చాలావరకు పూడుతుందని కాలేజీ ఆశ పెట్టుకుంది. ఆటగాళ్లకూ ఆ సంగతి తెలుసు.

మరి పిలుపు ఎందుకు రాలేదు?

మాట్సన్, టోలర్ నల్లజాతివాళ్లు కాబట్టి. దక్షిణాది రాష్ట్రాల్లో అప్పటికి జాతి విభజన చట్టబద్ధం. బడి, బస్సు, హోటల్, స్టేడియంలో సీటు అన్నీ వేరు. నల్లజాతి ఆటగాళ్లున్న జట్లను పిలవకూడదన్నది ఆ బౌల్ కమిటీల్లో చాలావాటి పద్ధతి. ఆ ఇద్దరినీ ఇంటి దగ్గర వదిలేసి వస్తే ఆరెంజ్ బౌల్ దారి తెరుచుకుంటుందన్న కబురు యూఎస్‌ఎఫ్‌కు చేరింది. జట్టు ఒప్పుకోలేదు.

వాళ్ల ప్రత్యర్థులు బలహీనులు కాబట్టి పిలవలేదని కొందరంటారు. అది నిజమా?

సగం నిజం. దాన్ని దాచడం మంచిది కాదు. సైనిక శిబిరాల జట్లతో రెండు మ్యాచ్‌లు, శాన్‌హోసే స్టేట్‌తోనే రెండు. టెనసీ, మేరీలాండ్ లాంటి పెద్ద జట్లతో వాళ్లు తలపడలేదు. ఆ కారణంతో షుగర్ బౌల్ వాళ్లను పక్కన పెట్టిందంటే వాదించవచ్చు.

కానీ గేటర్ బౌల్ సంగతి చూడండి. ఆ ఏడాది అక్కడికి వెళ్లింది మయామి, క్లెమ్సన్. మయామి అప్పటికి మూడు మ్యాచ్‌లు ఓడింది. క్లెమ్సన్ రెండు ఓడింది. ఒక్కటి కూడా ఓడని, దేశంలో 14వ స్థానంలో ఉన్న జట్టు ఖాళీగా ఉండగా వీళ్లను పిలిచారు. దీనికి ప్రత్యర్థుల బలం ఎలా కారణమవుతుంది?

ఇంకొకటి. యూఎస్‌ఎఫ్ చేతిలో 47–14తో ఓడిన కాలేజ్ ఆఫ్ ది పసిఫిక్‌కు ఎల్‌పాసోలోని సన్ బౌల్ నుంచి పిలుపొచ్చింది. చిత్తుగా గెలిచినవాళ్లు ఇంట్లో, ఓడినవాళ్లు బౌల్‌లో. ఇక్కడో మెలిక ఉంది. పసిఫిక్ జట్టులోనూ ఎడ్డీ మేకన్ అనే నల్లజాతి ఆటగాడున్నాడు. అంటే దక్షిణాదిలో తలుపులన్నీ ఒకేలా మూసుకుపోయి లేవు. ఎల్‌పాసోలో అప్పుడే తెరుచుకుంటున్నాయి, మయామిలో, న్యూ ఆర్లియన్స్‌లో ఇంకా లేదు. అంచేత ‘ఆ కాలం అలాంటిది, ఎవరేం చేయగలరు’ అనే మాట నేను ఒప్పుకోను. కొన్ని కమిటీలు మారాయి. కొన్ని మారకూడదని నిర్ణయించుకున్నాయి.

ఇద్దరిని వదిలేసి మిగతావాళ్లు వెళ్లుంటే తప్పేముంది? చాలా కాలేజీలు అలా చేశాయట కదా?

చేశాయి. నల్లజాతి ఆటగాణ్ని ఇంటి దగ్గర వదిలేసి దక్షిణాది మ్యాచ్‌లకు వెళ్లడం అంతకుముందు ఎన్నో ఉత్తరాది కాలేజీలు సిగ్గులేకుండా పాటించిన పద్ధతి. దానికి ‘పెద్దమనుషుల ఒప్పందం’ అని గౌరవమైన పేరు కూడా పెట్టుకున్నాయి.

యూఎస్‌ఎఫ్ ఆటగాళ్లలో ఈ విషయం మీద చీలిక రాలేదు. ఈ కథలో నాకు అన్నిటికంటే గొప్పగా అనిపించేది ఇదే. వాళ్లలో చాలామంది శ్రామిక కుటుంబాల పిల్లలు. ఇటాలియన్, ఐరిష్ ఇళ్లవాళ్లు, యుద్ధం నుంచి తిరిగొచ్చినవాళ్లు. ఉద్యమకారులు కారు. కొత్త సంవత్సరం రోజున దేశమంతా వినే మ్యాచ్ ఆడటం వాళ్ల జీవితంలో మళ్లీ దొరికే అవకాశం కాదు. వెళ్లకపోతే కాలేజీలో ఫుట్‌బాలే ఉండకపోవచ్చన్న భయమూ ఉంది. అంత ఖరీదు కట్టాల్సి వస్తుందని తెలిసే వద్దన్నారు. మాట్సన్, టోలర్ లేకుండా వెళ్లేది లేదన్నారు, అంతే.

ఇలా నిలబడిన మొదటి జట్టు ఇదేనా?

కాదు. పెన్‌స్టేట్ 1946లో తన నల్లజాతి ఆటగాళ్లను వదిలి మయామికి వెళ్లడానికి ఒప్పుకోక మ్యాచ్‌నే రద్దు చేసుకుంది. అదే పెన్‌స్టేట్ 1948లో వాలీ ట్రిప్లెట్, డెన్నీ హోగార్డ్‌లతో కలిసి డల్లాస్‌లో కాటన్ బౌల్ ఆడింది. అయితే ఊళ్లో అందరికీ కలిపి గదులిచ్చే హోటల్ లేక జట్టంతా నేవీ వైమానిక స్థావరంలో బస చేసింది. 1948 చివర్లో లఫాయెట్ కాలేజీ, తన నల్లజాతి ఆటగాడు డేవిడ్ షోవెల్‌ను ఆడనిచ్చేది లేదని నిర్వాహకులు అన్నందుకు సన్ బౌల్ పిలుపును తిరస్కరించింది.

మైదానంలో దెబ్బలూ ఉండేవి. 1951 అక్టోబరులోనే, ఓక్లహోమా ఏ అండ్ ఎంతో ఆడుతున్న డ్రేక్ జట్టు నల్లజాతి ఆటగాడు జానీ బ్రైట్‌ను, అతని చేతిలో బంతి లేనప్పుడు కొట్టి దవడ విరగ్గొట్టారు. ఆ దెబ్బను వరసగా చూపిన ఫోటోలకు పులిట్జర్ వచ్చింది. మాట్సన్, టోలర్ ఆడిన సీజన్ అదే.

కాలేజీ ఫుట్‌బాల్‌ను ఎందుకు ఎత్తేసింది? బౌల్ లేకపోవడం వల్లేనా?

బౌల్ డబ్బు రాకపోవడం చివరి దెబ్బ. లోటు మాత్రం ముందునుంచీ ఉంది. 1946లో నగరానికి ఫార్టీనైనర్స్ ప్రొఫెషనల్ జట్టు వచ్చి అదే కేజార్ స్టేడియంలో ఆడటం మొదలుపెట్టింది. టికెట్ కొనే జనం అటు మళ్లారు. దాడికి ఒక జట్టు, రక్షణకు ఒక జట్టు అనే కొత్త పద్ధతి వల్ల ఎక్కువ మందికి స్కాలర్‌షిప్ ఇవ్వాల్సి వచ్చింది. టీవీ వచ్చి ఇంట్లోనే మ్యాచ్ చూసే రోజులు మొదలయ్యాయి.

చిన్న క్యాథలిక్ కాలేజీలన్నిటిదీ ఇదే బాధ. సెయింట్ మేరీస్, జార్జ్‌టౌన్ 1950 సీజన్‌తో ఆపేశాయి. యూఎస్‌ఎఫ్ చేతిలో ఓడిన లొయోలా 1951తో, శాంటాక్లారా 1952తో, ఫోర్డమ్ 1954తో. కాబట్టి బౌల్‌కు వెళ్లినా ఎన్నాళ్లు నిలబడేదో అన్న ప్రశ్న సబబే. కానీ మరో ఏడాదైనా ఆడేది. బాబ్ సెయింట్ క్లెయిర్ లాంటివాళ్లకు ఇంకా చదువు మిగిలే ఉంది. అతను టల్సా యూనివర్సిటీకి మారి అక్కడ ఆడాల్సి వచ్చింది. తర్వాత యూఎస్‌ఎఫ్ చిన్న స్థాయిలో కొన్నేళ్లు ఫుట్‌బాల్ ఆడించినా పెద్ద స్థాయికి మళ్లీ రాలేదు.

యూఎస్‌ఎఫ్ అంటే బాస్కెట్‌బాల్ కదా? బిల్ రసెల్ అక్కడే చదివాడు కదా?

అవును, ఈ కథ తర్వాతే. 1955, 1956లో బిల్ రసెల్, కేసీ జోన్స్‌లతో వరసగా రెండుసార్లు జాతీయ చాంపియన్లయ్యారు.

ఆ ఆటగాళ్లు తర్వాత ఏమయ్యారు?

ఒకే కాలేజీ జట్టు నుంచి ముగ్గురు ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌కు, అంటే ఆ ఆటలో మేటి వాళ్లకిచ్చే గౌరవ జాబితాకు, వెళ్లారు. మాట్సన్, మార్చెట్టి 1972లో, సెయింట్ క్లెయిర్ 1990లో.

ప్రొఫెషనల్ జట్లు కాలేజీ ఆటగాళ్లను వంతులవారీగా ఎంచుకునే డ్రాఫ్ట్‌లో మాట్సన్‌ను షికాగో కార్డినల్స్ మూడో ఎంపికగా తీసుకుంది. కుహారిచ్ కూడా అదే జట్టుకు కోచ్‌గా వెళ్లాడు. కానీ మాట్సన్ ముందు హెల్సింకి వెళ్లి 1952 ఒలింపిక్స్‌లో 400 మీటర్ల పరుగులో కాంస్యం, 4×400 రిలేలో రజతం తెచ్చుకున్నాడు. 1959లో లాస్ ఏంజెలస్ రామ్స్ అతని ఒక్కడి కోసం తొమ్మిది మందిని ఇచ్చింది.

మార్చెట్టి బాల్టిమోర్ కోల్ట్స్‌లో తన తరానికి మేటి డిఫెన్సివ్ ఎండ్ (రక్షణ వరస చివర ఆడేవాడు) అయ్యాడు. 1958 చాంపియన్‌షిప్ ఫైనల్లో చీలమండ విరిగినా లోపలికి తీసుకెళ్లనివ్వకుండా స్ట్రెచర్ మీదే ఉండి గీత పక్కనుంచి ఆట చూశాడు.

బర్ల్ టోలర్ దారి వేరు. క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ అతన్ని ఎంచుకుంది. 1952 వేసవిలో కాలేజీ ఆల్‌స్టార్స్ మ్యాచ్‌లో మోకాలు దెబ్బతింది. ఒక్క ప్రొఫెషనల్ మ్యాచ్ కూడా ఆడకుండానే ఆటగాడిగా అతని కథ ముగిసింది. శాన్‌ఫ్రాన్సిస్కోలో టీచరయ్యాడు, తర్వాత ఆ నగరంలో సెకండరీ స్కూలుకు మొదటి నల్లజాతి ప్రిన్సిపాల్ అయ్యాడు. పక్కనే రిఫరీ పని నేర్చుకున్నాడు. 1965లో అమెరికా ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్ అతన్ని మైదానంలోకి దించింది. అమెరికా పెద్ద ప్రొఫెషనల్ లీగుల్లో నల్లజాతి అఫీషియల్ రావడం అదే మొదలు. బేస్‌బాల్ మేజర్ లీగ్‌లో అది 1966లో గానీ జరగలేదు. టోలర్ 25 సీజన్లు పనిచేశాడు, 1980లో ఆ లీగ్ ఫైనల్ అయిన సూపర్ బౌల్‌లోనూ అఫీషియల్‌గా పనిచేశాడు. హాల్ ఆఫ్ ఫేమ్ ముగ్గురి పేర్లు చెప్పి టోలర్‌ను ఒక్క వాక్యంలో దాటేసేవాళ్లున్నారు. నా లెక్కలో ఆ జట్టు నుంచి ఎక్కువ దూరం నడిచినవాడు అతనే.

పీట్ రోజెల్‌కు ఈ జట్టుతో ఏం సంబంధం?

అప్పట్లో యూఎస్‌ఎఫ్ క్రీడా విభాగం పబ్లిసిటీ చూసిన కుర్రాడు అతనే. మాట్సన్ గురించి పత్రికలకు వార్తలు పంపింది అతనే. 1960లో ఎన్‌ఎఫ్‌ఎల్ కమిషనర్ అయ్యాడు, 1989 దాకా ఉన్నాడు. ఈ రోజు సూపర్ బౌల్, టీవీ ఒప్పందాలు ఇంత పెద్దవి కావడం వెనక అతని చెయ్యి ఉంది. టోలర్‌ను అఫీషియల్‌గా తీసుకున్నది అతని హయాంలోనే.

ఆ జట్టుకు తర్వాత గౌరవం దక్కిందా?

దక్కింది, చాలా ఆలస్యంగా. 2006లో యూఎస్‌ఎఫ్ ఆ జట్టువాళ్లకు గౌరవ డిగ్రీలిచ్చింది. అరిజోనాలోని ఫియెస్టా బౌల్ 2008లో బతికున్నవాళ్లను పిలిచి సన్మానించింది. కుహారిచ్ అవేవీ చూడలేదు, 1981లోనే పోయాడు. టోలర్ 2009లో, మాట్సన్ 2011లో, సెయింట్ క్లెయిర్ 2015లో, మార్చెట్టి 2019లో చనిపోయారు.

శాన్‌ఫ్రాన్సిస్కో వెళ్తే చూడదగ్గవి ఏమైనా ఉన్నాయా?

రెండున్నాయి, రెంటి మధ్యా నడిచి వెళ్లొచ్చు. గోల్డెన్ గేట్ పార్క్ ఆగ్నేయ మూలన కేజార్ స్టేడియం ఉంది. పాతదాన్ని 1989లో కూల్చి అక్కడే చిన్నది కట్టారు. మైదానానికి బాబ్ సెయింట్ క్లెయిర్ పేరు పెట్టారు.

రెండోది యూఎస్‌ఎఫ్ క్యాంపస్‌లోని టోలర్ హాల్, విద్యార్థుల హాస్టల్. దాని పాత పేరు ఫీలన్ హాల్. జేమ్స్ ఫీలన్ ఒకప్పటి నగర మేయర్, తర్వాత సెనేటర్. ఆసియా నుంచి, ముఖ్యంగా జపాన్ నుంచి, వలస వచ్చేవాళ్లకు వ్యతిరేకంగా ‘కాలిఫోర్నియాను తెల్లగానే ఉంచుదాం’ అనే నినాదంతో 1920లో ఎన్నికల్లో నిలబడిన మనిషి. విద్యార్థులు గట్టిగా అడగడంతో 2017లో ఆ పేరు తీసేసి బర్ల్ టోలర్ పేరు పెట్టారు.